గ్లాసు అడుగున చెమ్కీ

మా అమ్మాయి టీ తాగేసి గ్లాసు కిటికీ గట్టు మీద పెట్టింది. అడుగున రెండు మామిడి పీచులు, ఒక పుదీనా ఆకు ముక్క, వాటి మధ్య చిటికెన వేలి గోరంత ఏదో మెరుస్తోంది.

"సూడే, నీ సీర చెమ్కీ ఊడి పడినట్టున్నాది," అంది మా అమ్మ.

అమ్మాయి ఆ రోజు కట్టుకున్నది పాత నూలు చీర. దానికి చెమ్కీలు లేవు. ఆ సంగతి ఎవరికీ తట్టలేదు. నేను వేలు పెట్టి దాన్ని బయటికి తీశాను. పల్చగా, గుండ్రంగా ఉంది. ఒకవైపు వంచితే వెండి రంగు, ఇంకోవైపు వంచితే ఏ రంగూ లేదు.

"అవును, చెమ్కీయే," అని పిడికిలి మూసుకున్నాను.

అది చేప పొలుసు. మా ఇంట్లో దాన్ని పోల్చగలిగిన మనిషిని నేనొక్కణ్ణే. అమ్మాయికి అప్పుడు ఏడో నెల నిండింది.

మాది శ్రీకాకుళంలో వ్యాపారస్తుల కుటుంబం. తాతల నాటినుంచీ కిరాణా, నూనె, బెల్లం. గుడ్డు కూడా గడప దాటి లోపలికి రాని ఇల్లు. చేపల బజారు ఉన్న వీధి గుండా దగ్గర దారి ఉన్నా మావాళ్ళు చుట్టు తిరిగే వెళ్తారు. నేనొక్కణ్ణే కొట్టు వదిలి పత్రికలో చేరాను. మొదటి పదేళ్ళు సముద్రం ఒడ్డు గ్రామాలకి వార్తల కోసం తిరిగాను. వలల పక్కన కూర్చుని మాట్లాడి ఇంటికి వస్తే నా చెప్పులకి, చొక్కా చేతులకి పొలుసులు అంటుకుని ఉండేవి. పెరట్లో స్నానం చేశాకే మా అమ్మ లోపలికి రానిచ్చేది. ఆ తర్వాత డెస్కుకి మారాను. పొలుసుని మాత్రం మర్చిపోలేదు.

ఆ ఏడు రోహిణీ కార్తె మొదలైన మూడో రోజు సాయంత్రం గాలివాన వచ్చింది. వాన పది నిమిషాలు, గాలి గంట. అరసవల్లి రోడ్డులో మా వైపు మూడు స్తంభాలు పడిపోయాయి. రెండు రోజులు కరెంటు లేదు. ఫ్రిజ్ తలుపు తీస్తే పుల్లటి వాసన. గాలివాన చల్లబరిచింది ఒక్క రాత్రే. మర్నాటి ఎండకి గోడలు కూడా వేడెక్కాయి.

అమ్మాయిని పదిరోజుల ముందే పురిటికి తీసుకొచ్చాం. విశాఖపట్నంలో ఉద్యోగం. వాళ్ళ ఆఫీసు కింద ఒక కొట్టులో పళ్ళ రసం కలిపిన చల్లటి టీ అమ్ముతారట. మొదటి నెలల్లో ఏదీ లోపల నిలవనప్పుడు అదొక్కటే నిలిచిందని చెప్పింది. ఇంటికి వచ్చిన దగ్గరనుంచీ అదే ధ్యాస.

"ఏటి నాన్నా, నువ్వు ఊళ్ళో వాళ్ళందరి గురించీ రాస్తావు, ఒక గ్లాసు ఐస్ టీ పెట్టలేవా?" అని ఎగతాళి చేసింది.

పెట్టడానికి కూర్చున్నాను. ఫోనులో వీడియోలు రెండు చూశాను. మొదటిసారి మామూలుగా డస్టు టీ వేసి తెర్లించాను. అది చల్లారేసరికి కషాయం అయింది. ఒక గుక్క తాగి అమ్మాయి మొహం పెట్టిన తీరు చూసి మా ఆవిడ రోజంతా నవ్వింది. రెండోసారి ఆకు టీ తెప్పించాను. నీళ్ళు మరిగాక పొయ్యి ఆపేసి, అప్పుడు ఆకు వేసి, మూత పెట్టి, అయిదు నిమిషాలకే వడకట్టాలి. ఆ వేడి డికాక్షన్‌ని నిండా ఐసు ఉన్న జగ్గులో ఒక్కసారిగా పోయాలి. అలా పోస్తే రంగు తేటగా ఉంటుంది, వగరు రాదు. అంటే ఆ టీలో సగం ఐసే.

ఇక పళ్ళు. ఆకు టీ తెచ్చిన మా బావమరిది దానితోపాటు సీతంపేట అనాసలు రెండు తెచ్చాడు. అతను మా ఆవిడ తమ్ముడు. మా కొట్టు ఇప్పుడు అతనే చూస్తున్నాడు. అనాసలు చూడగానే మా అమ్మ మంచం మీంచి లేచింది.

"ఒరే, నీకు మతి ఉన్నాదా? ఏడో నెల పిల్లకి అనాసా? బొప్పాసి కూడా తెచ్చీకపోయావా, సరిపోను!"

"నాకేటి తెల్సు అత్తా, పళ్ళు తెమ్మన్నాడు బావ, తెచ్చాను."

"మీ బావకి తెల్దు. నీకు ఇద్దరు పిల్లలు. నీకూ తెల్దా?"

అనాసలు తిరిగి సంచిలోకి వెళ్ళాయి. అది మొదలు ప్రతి వస్తువు మీదా విచారణ జరిగింది. పుదీనా సరే. నిమ్మకాయ సగమే. మామిడి వేడి చేస్తుంది, కానీ రాత్రంతా నీళ్ళలో నానబెడితే పరవాలేదు. దాంతో సువర్ణరేఖ పళ్ళు నాలుగు బక్కెట్లో వేశాను. పంచదార కొంచెమే, కాళ్ళు నీరు పడుతున్నాయి కదా. టీ ఆకు కూడా తక్కువ. నేను అన్నింటికీ తలూపాను. నిజానికి అంత జాగ్రత్త పడుతున్నందుకు లోపల కొంచెం గర్వంగా కూడా ఉంది. ఐసు గురించి మాత్రం ఒక్క మాట అనుకోలేదు. ఐసంటే నీళ్ళే కదా.

కరెంటు పోయిన రెండో రోజు మధ్యాహ్నం మామిడిపళ్ళు సిద్ధంగా ఉన్నాయి, టీ ఆకు ఉంది, ఫ్రిజ్ చచ్చిపోయి ఉంది. ఉక్కకి అమ్మాయి తడి తువ్వాలు మెడకి చుట్టుకుని కిటికీ దగ్గర కూర్చుంది. "ఐసు లేని ఐస్ టీ ఏం బాగుంటాది, వద్దులే నాన్నా," అంది. వద్దులే అన్న మాటే నన్ను లేపింది. బావమరిదికి ఫోను చేశాను.

"ఎక్కడైనా ఐసు దొరుకుతాదేమో సూడు."

అరగంటలో స్కూటరు వచ్చింది. కాళ్ళ మధ్య గోనెసంచిలో చుట్టిన పెద్ద ఐసు ముక్క, దాని నిండా ఊక. "దొరికిందా?" అని అడిగాను. "దొరికింది బావా, బేగి లోపలెట్టు, కారిపోతన్నాది," అన్నాడు.

నేను అడిగింది ఆ ఒక్క మాటే. డెస్కులో కొత్తగా చేరిన ప్రతి కుర్రాడికీ నేను మొదట నేర్పేది, ఏ సమాచారం వచ్చినా ఎక్కడినుంచి వచ్చిందో అడగమని. ప్రతి వేసవిలోనూ మా జిల్లా పేజీలో చేపలకి వాడే ఐసు రసాల బళ్ళమీదకి వస్తోందని ఒక వార్త వస్తుంది. దానికి ఏటా శీర్షిక పెట్టేది నేనే.

ఐసు నేనే కడిగాను. కుళాయి కింద మూడుసార్లు, ఊక అంతా పోయేదాకా. పాత పంచెలో మూటకట్టి రోకలితో కొట్టాను. మామిడి గుజ్జు జల్లెడ పట్టి, పంచదార పాకం కలిపి జగ్గులో వేసి, పైన ఐసు నింపి, వేడి డికాక్షన్ పోశాను. పటపటమని చప్పుడైంది. తేనెరంగు కిందినుంచి పైకి పాకింది. గ్లాసుల్లో మళ్ళీ గుప్పెడు ఐసు వేసి అందరికీ ఇచ్చాను. అమ్మాయి కళ్ళు మూసుకుని తాగింది. బావమరిది రెండు గ్లాసులు తాగి మూడోది అడిగాడు. మా అమ్మ కూడా సగం గ్లాసు పుచ్చుకుని, "టీ కాదు, పానకమే గానీ, బాగానే ఉన్నాది," అంది.

ఆ తర్వాతే అమ్మాయి గ్లాసు అడుగున అది మెరిసింది.

పొలుసుని కాగితంలో మడిచి జేబులో పెట్టుకున్నాను. బావమరిదిని వీధి గుమ్మం దాకా సాగనంపుతూ, మామూలుగా అడిగినట్టు, "ఇంతకీ ఎక్కడ దొరికింది?" అన్నాను. "మలుపు దగ్గర బండి మీద అమ్ముతన్నాడు బావా. జనం మూగిపోయి ఉన్నారు," అన్నాడు. ఊళ్ళో ఇంకెవరినైనా పంపి ఉంటే బండి పక్కన చేపల బుట్టల్ని చూసే తెలుసుకునేవారు. అతను ఆ బుట్టల వైపు చూడడు. చిన్నప్పటినుంచీ చూడకుండా ఉండడమే నేర్చుకున్నాడు.

నేను వెళ్ళేసరికి బండి ఇంకా అక్కడే ఉంది. యాభై ఏళ్ళ మనిషి రంపంతో దిమ్మ కోస్తున్నాడు. పక్కన అతని భార్య చేపల బుట్ట ముందు కూర్చుని ఉంది. కాగితం విప్పి చూపించాను.

"కవళ్ళ సేప పొలుసు బాబూ," అంది ఆవిడ, చూడగానే. "ఏటి, ఎక్కడిది?"

సంగతి చెప్పాను. ఆ మనిషి రంపం కింద పెట్టేశాడు.

"అయ్యో బాబూ, తాగడానికని సెప్తే నాను ఇద్దునా? సేపలకని తెచ్చింది ఇది. ఆ బాబు ఏటీ సెప్పనేదు. స్కూటరు దిగకుండానే పెద్ద ముక్క బేగి కావాలన్నాడు. మొకం సూసి సావింటికనుకున్నాను. కరెంటు నేదు కదా, పొద్దుట్నుంచీ ఇద్దరు అలాగే వచ్చినారు. అందుకే ఇంకేటీ అడగనేదు. అలాటప్పుడు అడగకూడదు కదా."

నా కూతురి కోసం తెచ్చిన ఐసుని అతను శవం కోసమని కోశాడు. మర్యాదకే అడగలేదు. తప్పు పట్టడానికి కూడా ఏమీ లేదు.

"మొత్తం చేపల ఐసేనా?" అని అడిగాను.

"అదే గేపకం రాట్లేదు బాబూ. పొద్దుట పెళ్ళివోళ్ళ కోసం మంచినీళ్ళ ఐసు రెండు దిమ్మలు తెచ్చినాను. వోళ్ళకి ఒకటే సాలిందన్నారు. రెండోది ఇందులోనే ఏసినాను. ఆ బాబుకి దేన్లోంచి కోసినానో..."

"సంచి మాత్తరం మనదే," అంది భార్య. "సేపల సంచే అది. పొలుసు సంచిదే అయ్యుంటాది. బెంగెట్టుకోకు బాబూ."

నన్ను ఓదార్చాలని అన్న మాట అది. చేపల దిమ్మా, మంచినీళ్ళ దిమ్మా అన్నది ఆ పూటంతా తలలో తిరిగింది. రెండూ ఒకే రంగు, రెండింటికీ ఒకే ఊక.

మర్నాడు పొద్దున్నే ఒంటరిగా డాక్టరమ్మ దగ్గరికి వెళ్ళాను. అమ్మాయిని చూస్తున్నది ఆవిడే. వేడి వేడి డికాక్షన్ పోశాను కదా అని వాదించి చూశాను. "గ్లాసుల్లో మళ్ళీ ఐసు వేశారు కదా," అందావిడ.

"విరేచనాలైతే రెండు మూడు రోజుల్లో తెలుస్తుంది. నేను ఆలోచించేది కామెర్ల గురించి. అవి వస్తే రెండు వారాలు దాటాక, రెండు నెలల లోపు ఎప్పుడైనా రావచ్చు. చివరి నెలల్లో తల్లికి కామెర్లంటే ప్రమాదమే, దాచి లాభం లేదు. అన్నం సయించకపోయినా, మూత్రం పచ్చబడినా, కళ్ళు పచ్చబడినా వెంటనే తీసుకురండి. రాకపోవడానికే ఎక్కువ అవకాశం. అమ్మాయికి చెప్పాలా వద్దా అన్నది మీ ఇష్టం."

చెప్పలేదు. మూడు రోజులు మా ఆవిడకి కూడా చెప్పలేదు. అందరి కడుపులూ బాగానే ఉన్నాయని తేలాక నాలుగో రోజు పెరట్లో బట్టలు ఆరేస్తుంటే చెప్పాను. ఆవిడ కేకలు వేస్తుందనుకున్నాను. చేతిలోని తడి చీరని ఇంకోసారి పిండింది.

"మీ అమ్మకి మాత్రం చెప్పకండి," అంది.

అది సబబే. అమ్మకి తెలిస్తే ఆవిడ భయం కామెర్ల గురించి కాదు, కడుపులోకి చేప వెళ్ళిందన్న దాని గురించి. ఆ సగం గ్లాసుకి ఎన్ని ఉపవాసాలు ఉంటుందో చెప్పలేం. తమ్ముడికి కూడా వద్దంది మా ఆవిడ. "వాడు ఆగలేడు. పిల్ల మొహం చూసి ఏడుస్తాడు. అంతా బయటపడిపోతాది."

అక్కడినుంచి మేమిద్దరం కాపలా మనుషులమయ్యాం. ఇంట్లో నీళ్ళన్నీ కాచి చల్లార్చినవే. అమ్మాయి లేవగానే నేను కాఫీ గ్లాసు పట్టుకుని కిటికీ తెర తీసేవాణ్ణి. ఎండ మొహం మీద పడితే కంటి తెల్లగుడ్డు స్పష్టంగా కనబడుతుంది. దీపం వెలుగులో అన్నీ పచ్చగానే ఉంటాయి, దాన్ని నమ్మడానికి లేదు.

"ఏటి నాన్నా, పొద్దున్నే అలా గుడ్లప్పగించి సూస్తావు?"

"ఏం లేదు. సరిగ్గా నిద్రపోయావో లేదో అని."

"నువ్వు పడుకున్నావా ముందు?"

పడుకునేవాణ్ణి కాదు. ఆఫీసులో పేజీలు దిద్దుతూ మధ్యలో క్యాలెండరు చూసేవాణ్ణి. రెండు వారాలు దాటిన రోజునుంచి అసలు లెక్క మొదలైంది. మూడో వారంలో ఒకరోజు మధ్యాహ్నం అమ్మాయి రెండు ముద్దలు తిని కంచం పక్కకి జరిపింది. వాసన పడట్లేదంది. మా ఆవిడ నావైపు చూసింది. అమ్మాయి చేతులు చూశాను. అరచేతులు పచ్చగా ఉన్నాయి. అంతలో మా అమ్మ, "పక్కింటి పేరంటానికెళ్ళి పసుపు కడుక్కోకుండానే తినీసింది సూడు, అదీ దీని శుభ్రం," అని తిట్టింది. అప్పుడు గుర్తొచ్చింది, పొద్దున్న పేరంటం. అయినా సాయంత్రం రక్తపరీక్షకి తీసుకెళ్ళాను. మొన్ననే కదా చేశారని అమ్మాయి విసుక్కుంది. డాక్టరమ్మ చెప్పారని అబద్ధం ఆడాను. రిపోర్టు మర్నాడు వచ్చింది. ఏమీ లేదు. ఆ కాగితం నాలుగైదుసార్లు చదివాను, ప్రూఫు చదివినట్టు. వారం గడిచేసరికి అది పాతబడిపోయింది. నిన్నటి రక్తం ఇవాళ్టి సంగతి చెప్పదు.

అయిదో వారం దాటుతుండగా బావమరిది ఇంటినుంచి ఫోను వచ్చింది. మాట్లాడింది అతని భార్య.

"అన్నయ్యా, ఈయనకి నాలుగు రోజులై జొరం. ఇవాళ కళ్ళు పచ్చగా అయిపోయాయి. కామెర్లట."

అతను తాగినవి మూడు గ్లాసులు.

వెళ్ళి చూశాను. మంచం మీద సగమై ఉన్నాడు. నన్ను చూసి నవ్వబోయాడు. "పెళ్ళి భోజనాలు బావా. ఈ సీజన్లో ఎన్ని ఊళ్ళు తిరిగానో నీకు తెల్దా? ఆ ఎచ్చెర్ల పెళ్ళిలో మజ్జిగ తాగినప్పుడే అనుకున్నాను, ఏదో తేడాగా ఉన్నాదని." నిజమే, ఆ నెలరోజుల్లో అతను వెళ్ళని పెళ్ళి లేదు. సరుకులు పంపిన ప్రతి ఇంటికీ వెళ్ళి తినొచ్చాడు. అవునవును, మజ్జిగే అయ్యుంటుంది అన్నాను. ఆ మాట అంటున్నప్పుడు అతని కళ్ళలోకి చూడలేకపోయాను. చూడటానికి మాత్రం గదిలో ఇంకేమీ లేదు, ఆ పసుపు తప్ప.

అతను ఆకుమందు తాగాడు, ఆసుపత్రికీ వెళ్ళాడు, నెలన్నర చప్పిడి మజ్జిగన్నం తిన్నాడు. కొట్టు అతని భార్య నడిపింది. తేరుకున్నాడు. అమ్మాయికి పురుడయ్యేదాకా నాకు రెండు భయాలు. అతను మంచం మీద ఉన్నందుకు ఒకటి, అమ్మాయి ఇంకా మంచం పట్టనందుకు ఒకటి. అతన్ని చూడడానికి వెళ్తానని అమ్మాయి రోజూ అడిగేది. వద్దనడానికి రోజుకో కారణం వెతికేవాణ్ణి. ఎండ, వాన, ఆటో కుదుపులు. "మావయ్య మీద నీకు ప్రేమ లేదు," అంది ఒకరోజు, కోపంగానే.

డాక్టరమ్మ చెప్పిన రెండు నెలలూ నిండకుండానే నొప్పులు వచ్చాయి. తెల్లవారుజామున ఆడపిల్ల పుట్టింది. తల్లి కళ్ళు తెల్లగా ఉన్నాయి. నేను ఆసుపత్రి మెట్ల మీద కూర్చుని, ఎన్నాళ్ళ తర్వాతో, టీ తాగాను. వేడిది.

మూడో రోజు పొద్దున్న మా ఆవిడ బిడ్డని గుడ్డల్లో చుట్టి కిటికీ దగ్గరికి తెచ్చింది. బిడ్డ మొహం, ఛాతీ పచ్చగా ఉన్నాయి. నేను చెప్పులు కూడా వేసుకోకుండా డాక్టరమ్మ గదికి వెళ్ళాను. తలుపు తట్టానో లేదో గుర్తులేదు. ఆవిడ వచ్చి చూసి, నా భుజం మీద చెయ్యి వేసింది.

"ఇది ఆ కామెర్లు కావండీ. కొత్తగా పుట్టిన పిల్లలకి చాలామందికి వచ్చేదే. రెండు రోజులు లైటు కింద పెడితే పోతుంది. తల్లి రక్తం మళ్ళీ చూశాను, బాగుంది."

ఆ రెండు రోజులూ బిడ్డ కళ్ళకి గంతలు కట్టి నీలం వెలుగు కింద పడుకోబెట్టారు. నేను గాజు పలక బయట నిలబడ్డాను. డాక్టరమ్మ మాట నమ్మాను. అయినా నిలబడ్డాను. మూడో రోజుకి ఒంటి రంగు మామూలైంది.

డిశ్చార్జి చేసే రోజు, కాగితాలు తీసుకుంటూ ఆవిడని అడిగాను, మా బావమరిది కామెర్లు మా జగ్గులోంచి వచ్చాయా, పెళ్ళి భోజనాల్లోంచా అని. అది చెప్పే పరీక్ష ఏదీ లేదంది. ఒకే జగ్గులోది తాగినా ఒకరికి వస్తుంది, ఇంకొకరికి రాదు అంది. అందరూ తాగింది ఏ దిమ్మదో తేలినా కూడా, ఇంత కాలం తర్వాత అది సాక్ష్యం కాదంది.

మనవరాలు ఇప్పుడు బడికి వెళ్తోంది. వేసవి సెలవుల్లో వచ్చినప్పుడు అమ్మాయి ఆ టీ అడుగుతుంది. సువర్ణరేఖ పళ్ళు నానబెడతాను, ఆకు టీ మూతపెట్టి వడకడతాను. ఐసు మా ఫ్రిజ్‌లో, కాచిన నీళ్ళతో, రెండు రోజుల ముందునుంచి. పాపం బావమరిది, ఎందుకంత అవస్థ, ఒక్క ఫోను చేస్తే నేను తెచ్చిపెట్టనా బావా అంటాడు ప్రతిసారీ. ఆ ఏడు అతను తెచ్చిన ఐసు ఏ బండి మీదిదో అతనికి ఇంకా తెలియదు.